‘రేపట్నుంచి రావొద్దు’ అన్నాక

మున్సిపాలిటీ చెత్తబండి మీద పదేళ్లు తిరిగిన మనిషిని, పంచాయతీ ట్యాంకు దగ్గర రోజూ మోటారు వేసే మనిషిని, ఇరిగేషన్ కాలువ మీద లష్కరుకు సాయంగా ఉన్న మనిషిని పనిలోంచి తీసేయాలంటే మన ఆఫీసులకు కాగితం అక్కర్లేదు. మేస్త్రీ చేత చెప్పిస్తారు. ‘పైనుంచి ఆర్డరొచ్చింది, రేపట్నుంచి రావొద్దు.’ ఆ ఆర్డరు ఎవరిచ్చారో, దాని నంబరెంతో ఎవరూ చెప్పరు. మర్నాడు మస్టర్‌లో పేరుండదు, అంతే.

ఆ తర్వాత మనవాళ్లు చేసేది దాదాపు ఒక్కటే. ఏఈ గారింటికి వెళ్తారు. కౌన్సిలర్‌ను పట్టుకుంటారు. ఎమ్మెల్యే గారి పీఏ చేత ఫోను చేయిస్తారు. ‘కొత్త బడ్జెట్ రానీ, చూద్దాం’ అని అందరూ మంచిగానే అంటారు. దసరా వెళ్తుంది, సంక్రాంతి వెళ్తుంది, మళ్లీ దసరా వస్తుంది. ఇలా తిరుగుతున్నంతకాలం మీరు ఏదో ప్రయత్నం చేస్తున్నట్టే ఉంటుంది. చట్టం లెక్కలో మాత్రం ఏమీ చేయనట్టే. సిఫార్సు కోసం తిరగడం తప్పని నేననను, ఇల్లు గడవాలి కదా. దానితోపాటు చేయాల్సిన పనులు కొన్నున్నాయి. వాటిని మొదటి నెలలోనే చేయాలి.

అంతకంటే ముందు మనసులో ఒక విషయం తేల్చుకోవాలి. మీరు అడగబోయేది ఏమిటి? ‘నన్ను పర్మినెంట్ చేయండి’ అనేది ఒక ప్రశ్న. ‘నన్ను తీసేసిన తీరు చట్టానికి విరుద్ధం’ అనేది ఇంకో ప్రశ్న. ఈ రెంటినీ కలగలిపి ఒకే అర్జీలో కుక్కడం వల్ల ఓడిపోయినవాళ్లు చాలామంది.

మొదటి ప్రశ్నకు 2006 ఏప్రిల్ 10న సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం ఉమాదేవి కేసులో కఠినంగా జవాబు చెప్పింది. నోటిఫికేషన్ లేకుండా, పోటీ లేకుండా పనిలో చేరినవాళ్లకు, ఎన్నేళ్లు చేసినా సరే, పర్మినెంట్ కావడం హక్కు కాదంది. మంజూరైన ఖాళీ పోస్టుల్లో కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు పైబడి పనిచేసినవాళ్లను, అర్హతలుంటే, ఒక్కసారికి క్రమబద్ధీకరించమని మాత్రం చెప్పింది. ఆ రోజు నుంచి దేశంలో ఏ రోజుకూలీ కోర్టుకెళ్లినా ప్రభుత్వ ప్లీడరు ముందుగా ఎత్తే పేరు ఉమాదేవి. మన దగ్గర దీనికి ఇంకొకటి జతవుతుంది. ఎన్‌ఎంఆర్ (నామినల్ మస్టర్ రోల్), రోజుకూలీ నియామకాలను నిషేధిస్తూ ఉమ్మడి రాష్ట్రంలో 1994లో చేసిన 2వ నంబరు చట్టం. ‘మిమ్మల్ని పెట్టుకోవడమే చట్టవిరుద్ధం, ఇక తీసేయడానికి నోటీసెందుకు?’ అని కౌంటర్లో రాస్తారు. పెట్టుకున్నదీ వాళ్లే, పాతికేళ్లు పని చేయించుకున్నదీ వాళ్లే!

ఈ వాదన చూసి బెదరొద్దు. ఉమాదేవి తీర్పు జవాబిచ్చింది మొదటి ప్రశ్నకు. రెండో ప్రశ్నను కార్మిక చట్టం చూసుకుంటుంది. పారిశ్రామిక వివాదాల చట్టం, 1947లోని 25ఎఫ్ సెక్షన్ ప్రకారం ఏడాది నిరంతర సర్వీసు ఉన్న కార్మికుణ్ని తొలగించాలంటే నెల ముందు రాతపూర్వక నోటీసివ్వాలి, లేదా నెల జీతమివ్వాలి. పనిచేసిన ప్రతి ఏడాదికీ 15 రోజుల సగటు వేతనం చొప్పున పరిహారం కూడా ఇవ్వాలి. రోజుకు 500 రూపాయల కూలీతో ఎనిమిదేళ్లు చేసిన మనిషికి ఆ పరిహారమే 60 వేలవుతుంది. ఇవి ఇవ్వకుండా తీసేస్తే ఆ తొలగింపు చెల్లదు. ఆ కార్మికుడు పర్మినెంటా, క్యాజువలా, మస్టర్ మీద ఉన్నాడా అన్న తేడా ఈ సెక్షన్‌లో లేదు. 2025 నవంబర్ 21 నుంచి ఆ చట్టం స్థానంలో పారిశ్రామిక సంబంధాల కోడ్ అమల్లోకి వచ్చింది. ఇవే షరతులు అందులో 70వ సెక్షన్‌లో ఉన్నాయి.

‘మాది ఫ్యాక్టరీ కాదు కదా, ఈ చట్టం మాకు వర్తించదు’ అని కొందరు కమిషనర్లు అంటారు. మున్సిపాలిటీ సేవలు ‘పరిశ్రమ’ కిందికి వస్తాయని సుప్రీంకోర్టు 1960లోనే నాగపూర్ కార్పొరేషన్ కేసులో చెప్పింది. 1978లో బెంగళూరు వాటర్ సప్లై కేసులో ఆ పరిధిని ఇంకా విస్తరించింది. 1988లో పంజాబ్ ఇరిగేషన్ శాఖ పరిశ్రమేనంది. కొత్త కోడ్‌లో నిర్వచనం కొంత మారింది. సార్వభౌమ విధులను, దాతృత్వ సంస్థలను అందులోంచి తప్పించారు. వీధులు ఊడ్చడం, నీళ్లు వదలడం సార్వభౌమ విధి అని వాదించేవాళ్లు రేపు వస్తారు. రానివ్వండి, ఆ వాదనకు జవాబు చెప్పాల్సింది మీ తరఫు వకీలు.

ఈ కేసులకు ప్రాణం 240 రోజుల లెక్క. తీసేసిన తేదీ నుంచి వెనక్కి పన్నెండు నెలలు లెక్కపెట్టాలి. జనవరి నుంచి డిసెంబరు కాదు, ఏప్రిల్ నుంచి మార్చి కాదు. జూలై 10న తీసేస్తే అంతకుముందు ఏడాది జూలై నుంచి. ఆ పన్నెండు నెలల్లో 240 రోజులు పని చేసి ఉంటే ఏడాది నిరంతర సర్వీసు ఉన్నట్టే. జీతం ఇచ్చిన ఆదివారాలు, పండగ సెలవులు కూడా ఆ లెక్కలోకి వస్తాయని 1985లో అమెరికన్ ఎక్స్‌ప్రెస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 89 రోజులకోసారి ఒక రోజు ఆపి, మళ్లీ కొత్తగా చేర్చుకున్నట్టు రాస్తుంటారు చూడండి, ఆ ఒక్క రోజు వల్ల 240 తగ్గిపోదు. ఏళ్ల తరబడి మనిషిని తాత్కాలికంగానే ఉంచి పర్మినెంట్ హోదా దక్కకుండా చేయడం అన్యాయ కార్మిక విధానం అని చట్టమే పేరు పెట్టింది.

లెక్క తేలిక, రుజువు కష్టం. 240 రోజులు పనిచేశానని చూపాల్సిన భారం కార్మికుడిదే. 2005లో ఆర్.ఎం. యెల్లట్టి కేసులో సుప్రీంకోర్టు ఆ భారాన్ని కాస్త తేలిక చేసింది. రోజుకూలీకి నియామక పత్రం ఉండదు, జీతం చీటీ ఉండదు, కాబట్టి అతను బోనులోకొచ్చి ప్రమాణం చేసి చెప్పాలి, యాజమాన్యం దగ్గరున్న మస్టర్ రోల్స్ తెప్పించమని అడగాలి అంది. అడిగినా తేకపోతే ఆ సంగతిని కోర్టు యాజమాన్యానికి వ్యతిరేకంగా తీసుకోవచ్చు. ఇక్కడ అసలు మాట ‘అడగాలి’ అన్నదే. అడగకుండా ‘రికార్డంతా వాళ్ల దగ్గరే ఉంది సార్’ అని చేతులు కట్టుకుని నిలబడితే కేసు పోతుంది.

మీ దగ్గర ఏమీ లేదని మీరనుకుంటారు. ఇంట్లో వెతకండి. బ్యాంకు పాస్‌బుక్‌లో ప్రతి నెలా జమ పడిన కూలీ ఉంటుంది. పీఎఫ్ కోత ఉంటే ఆ పాస్‌బుక్ కంటే మంచి సాక్ష్యం లేదు. మీ యజమాని పేరు, మీ నెలలు, అన్నీ ప్రభుత్వ రికార్డులోనే ఉంటాయి. ఈఎస్ఐ కార్డు, కార్పొరేషన్ ఇచ్చిన గుర్తింపు కార్డు, రెయిన్‌కోటు, బూట్లు తీసుకున్నప్పుడు సంతకం పెట్టిన రిజిస్టరు, డ్యూటీ చార్టు ఫోటో, ముఖం చూపించి హాజరు వేసే యాప్ తెరపటం, శానిటరీ ఇన్‌స్పెక్టర్ గ్రూపులో పెట్టిన ‘వార్డు 14కి నలుగురు వెళ్లండి’ అనే వాట్సాప్ మెసేజీ ఇవన్నీ సాక్ష్యాలే. ఫోను మార్చేముందు వాటిని వేరే చోట దాచండి. తీసేసిన వారంలోపు గ్రూపులోంచి కూడా తీసేస్తారు.

ఆ తర్వాత సమాచార హక్కు దరఖాస్తు. ఫీజు ఊరి స్థాయి ఆఫీసులో లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, ఆపైన 10. ‘నా సర్వీసు వివరాలివ్వండి’ అని రాస్తే ‘అలాంటి రికార్డు లేదు’ అని ఒక్క ముక్కలో తిప్పి పంపుతారు. ఫలానా డివిజన్‌లో ఫలానా నెల నుంచి ఫలానా నెల వరకు మస్టర్ రోల్స్ నకళ్లు, కూలీ చెల్లింపు వోచర్ల నకళ్లు, ఆ పనికి సంబంధించిన ఎం-బుక్ (కొలతల పుస్తకం) పేజీలు, ఇప్పుడు అదే పనిలో ఉన్నవాళ్ల పేర్లు, వాళ్లు చేరిన తేదీలు అని విడివిడిగా అడగాలి. ఆ చివరిది మర్చిపోవద్దు, ఎందుకో తర్వాత చెప్తాను. 30 రోజుల్లో జవాబు రావాలి. రాకపోతే మొదటి అప్పీలు వేయండి. జవాబు ఇవ్వకపోవడం కూడా తర్వాత కేసులో మీకే పనికొస్తుంది.

రికార్డు కోసం ఎదురుచూస్తూ ఉత్తరం ఆపొద్దు. తీసేసిన పదిహేను రోజుల్లో మీ చేతిరాతతోనైనా ఒక ఉత్తరం వెళ్లాలి. భాష గొప్పగా ఉండక్కర్లేదు. ఇంత చాలు: ‘నేను ఫలానా తేదీ నుంచి మీ పారిశుద్ధ్య విభాగంలో రోజుకూలీగా పనిచేస్తున్నాను. ఫలానా తేదీ సాయంత్రం మేస్త్రీ గారు రేపట్నుంచి రావద్దని నోటిమాటగా చెప్పారు. నాకు నోటీసు గానీ పరిహారం గానీ ఇవ్వలేదు. నేను ఈ రోజుకీ పనికి సిద్ధంగా ఉన్నాను. నన్ను పనిలోకి తీసుకోండి, లేదా కారణం రాతపూర్వకంగా తెలపండి.’

ఇందులో అన్నిటికంటే విలువైనది ‘ఈ రోజుకీ పనికి సిద్ధంగా ఉన్నాను’ అన్న వాక్యం. ఎందుకంటే రేపు కౌంటర్‌లో వాళ్లు రాయబోయేది ఒకటే: ‘మేము తీసేయలేదు, అతనే రావడం మానేశాడు.’ నోటిమాట తొలగింపులో ఉన్న సౌకర్యమే అది. మీ ఉత్తరం వాళ్ల ఇన్‌వార్డు రిజిస్టరులో ఎక్కి ఉంటే ఆ మాట నిలవదు. నకలు మీద ముద్ర వేయించుకోండి. వేయనంటే అక్కడ గొడవ పడకుండా నేరుగా పోస్టాఫీసుకు వెళ్లి స్పీడ్ పోస్టులో పంపండి. రిజిస్టర్డ్ పోస్టును 2025 సెప్టెంబరులో స్పీడ్ పోస్టులో కలిపేశారు, కాబట్టి దాని కోసం వెతకొద్దు. రసీదును ఇంటి పత్రాలతో కలిపి దాచండి. పేరు కొట్టేయడం కూడా తొలగింపేనని 1980ల మొదట్లోనే దక్షిణ రైల్వే కార్మికుడు రాబర్ట్ డిసౌజా కేసులో తేలింది. గైర్హాజరైనా సరే, అడగకుండా పేరు తీయకూడదని 1993లో డి.కె. యాదవ్ కేసులో తేలింది.

ఇదే సమయంలో చేయకూడనివి కూడా ఉన్నాయి. ఖాళీ కాగితం మీద, చదవని కాగితం మీద సంతకం పెట్టొద్దు. ‘ఇది బిల్లు కోసం’ అంటారు, తర్వాత అది రాజీనామా అవుతుంది. డబ్బు అవసరమై పీఎఫ్ తీసుకుంటే, పని వదిలిన కారణం దగ్గర ‘రాజీనామా’ అని నమోదై ఉందేమో చూడండి. నెట్ సెంటర్ కుర్రాడు తొందరలో ఏదో ఒకటి నొక్కేస్తాడు, అది మీ కేసుకు అడ్డం వస్తుంది.

ఇక ఏ తలుపు తట్టాలి? మున్సిపాలిటీ, పంచాయతీ, రాష్ట్ర ప్రభుత్వ శాఖ అయితే మీ ప్రాంతపు లేబర్ ఆఫీసు. రైల్వే, పోర్టు, బీఎస్ఎన్ఎల్, కేంద్ర శాఖ అయితే కేంద్ర కార్మిక శాఖ అధికారి. అక్కడ రాజీ అధికారికి దరఖాస్తు ఇవ్వాలి. ఆయన ఇద్దరినీ పిలుస్తారు. మున్సిపాలిటీ తరఫున ఎవరో గుమస్తా వచ్చి వాయిదా అడుగుతాడు. అది సాగదీతగా మారితే మీరు కట్టుబడి కూర్చోనక్కర్లేదు. దరఖాస్తిచ్చి 45 రోజులు దాటితే నేరుగా పారిశ్రామిక ట్రైబ్యునల్‌కు (పాత చట్టంలో లేబర్ కోర్టు) వెళ్లవచ్చు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో కార్మికుడు ప్రభుత్వ సిఫార్సు లేకుండా నేరుగా లేబర్ కోర్టుకు వెళ్లే వీలు 1987 సవరణతోనే వచ్చింది. దేశమంతటికీ ఆ వీలు 2010లో గానీ రాలేదు. ఈ ఒక్క విషయంలో మనవాళ్లు ముందున్నారు.

గడువు దగ్గర జాగ్రత్త. పాత చట్టంలో తీసేసిన నాటి నుంచి మూడేళ్లు. కొత్త కోడ్‌లో రెండేళ్లే. పాత పుస్తకాలు చదివి, పాత కేసులు విని ‘మూడేళ్లుంది కదా’ అని ధైర్యంగా కూర్చునేవాళ్లు రాబోయే రోజుల్లో ఎక్కువగా నష్టపోతారు. మిమ్మల్ని 2025 నవంబరుకు ముందే తీసేసి ఉంటే ఏ చట్టం వర్తిస్తుందో వకీలును అడగండి. అయినా రెండేళ్లు దాటకుండా వేసేస్తే ఆ చర్చే అక్కర్లేదు.

హైకోర్టుకు నేరుగా రిట్ వేయమని సలహా ఇచ్చేవాళ్లుంటారు. అమరావతిలోనైనా హైదరాబాద్‌లోనైనా నోటిమాట తొలగింపు మీద రిట్ వేస్తే కోర్టు అడిగే మొదటి ప్రశ్న ‘లేబర్ కోర్టుకు ఎందుకు వెళ్లలేదు?’ పనిచేశాడా లేదా, ఎన్ని రోజులు అన్న సాక్ష్యాల తగాదాను హైకోర్టు సాధారణంగా తేల్చదు. రాతపూర్వక ఉత్తర్వు ఉండి, అందులో దొంగతనమో దుష్ప్రవర్తనో అంటగట్టి, విచారణ లేకుండా తీసేస్తే మాత్రం రిట్ సరైన దారి. పర్మినెంట్ చేయమనే మొదటి ప్రశ్నకు కూడా చాలాసార్లు దారి అదే. 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్లు పూర్తిచేసినవాళ్లను క్రమబద్ధీకరించమన్న 1994 నాటి జీవో 212 కింద కేసులన్నీ అలా నడిచినవే. ఆ తేదీకి ముందు చేరినవాళ్లు ఇప్పుడు పనిలో బహుకొద్దిమంది.

గెలిస్తే ఏం వస్తుంది? ఇది వకీళ్లు కాస్త దాచి చెప్పే విషయం కాబట్టి విప్పి చెప్తాను. తొలగింపు చెల్లదని తేలినంత మాత్రాన పని తిరిగి వస్తుందని లేదు. కొద్దికాలమే పనిచేసిన రోజుకూలీ విషయంలో కోర్టులు తిరిగి పనిలోకి పంపకుండా డబ్బుతో సరిపెట్టడం ఎక్కువైంది. 2009లో హర్యానా మార్కెటింగ్ బోర్డు కేసులో సుప్రీంకోర్టు 50 వేలిచ్చి ముగించింది. 2013 చివర భూరుమల్ కేసులో అదే వైఖరిని వివరిస్తూ ఒక తలుపు తెరిచి ఉంచింది. మీకంటే తర్వాత చేరినవాళ్లను ఉంచుకుని మిమ్మల్ని తీసేసినా, మీ జూనియర్లను పర్మినెంట్ చేసినా, అప్పుడు డబ్బుతో సరిపెట్టకూడదు, పనిలోకి తీసుకోవాల్సిందే అంది. సమాచార హక్కులో జూనియర్ల పేర్లు, చేరిన తేదీలు అడగమన్నది ఇందుకే. చివర వచ్చినవాణ్ని ముందు తీయాలన్నది చట్టంలోనే ఉన్న నియమం.

ఇటీవలి గాలి కార్మికుల వైపు వీస్తోంది. కేంద్ర జల సంఘంలో ఏళ్ల తరబడి ఊడ్చే పని, తోటపని చేసినవాళ్లను 2018లో నోటీసు లేకుండా తీసేస్తే, 2024 డిసెంబర్ 20న జగ్గో కేసులో సుప్రీంకోర్టు వాళ్లను తిరిగి తీసుకుని క్రమబద్ధీకరించమంది. 2025 జనవరి 31న శ్రీపాల్ కేసులో గాజియాబాద్ నగర నిగమ్ తోటమాలులకు తిరిగి పని, సగం బకాయి జీతం ఇప్పించింది. పైగా వాళ్లను పర్మినెంట్ చేసే ప్రక్రియ మొదలుపెట్టమంది. ఉమాదేవి తీర్పును శ్రమదోపిడీకి డాలుగా వాడుకోవద్దని కూడా ఆ కేసులోనే చెప్పింది. తోటమాలులను తీసేసింది 2005లో. న్యాయం దొరకడానికి ఇరవై ఏళ్లు పట్టింది. ఈ సంగతి తెలిసి కేసులోకి దిగాలి.

అందుకే మధ్యలో మంచి రాజీ వస్తే లెక్క వేసుకుని చూడండి. వయసు యాభై దాటి, సర్వీసు రెండు మూడేళ్లే ఉంటే డబ్బు తీసుకోవడంలో నామోషీ లేదు. సర్వీసు పదిహేనేళ్లుండి జూనియర్లు పనిలో ఉంటే మాత్రం తొందరపడొద్దు. బకాయి జీతం కావాలంటే తీసేసిన తర్వాత తనకు వేరే స్థిరమైన ఉద్యోగం లేదని అర్జీలోనే రాయాలి. దీపాలి సుర్వసే కేసు, 2013, ఆ సంగతి తేల్చింది. పొట్టకూటికి అప్పుడప్పుడు కూలికి వెళ్లడాన్ని దాచొద్దు, ఉన్నదున్నట్టు చెప్పండి. పనిలోకి తీసుకోమని తీర్పు వచ్చాక యాజమాన్యం హైకోర్టుకెళితే, కేసు నడిచినన్నాళ్లు చివరి జీతం ఇప్పించమని అడిగే హక్కు కూడా ఉంది. చాలామంది అది అడగనే అడగరు.

కాంట్రాక్టర్ ద్వారా చేసేవాళ్ల సంగతి వేరు. మీ యజమాని ఎవరన్నదే అక్కడ మొదటి పోరాటం. కాంట్రాక్టరు మారినా మనుషులు మారకుండా, పని చెప్పేదీ హాజరు వేసేదీ కమిషనర్ మనుషులే అయితే, ఆ రుజువులు దాచుకుని యూనియన్ ద్వారా కదలండి. ఒంటరిగా అది నెగ్గడం కష్టం. నేరుగా ఆఫీసుతోనే ఒప్పందం రాసుకున్నవాళ్లకు ఇంకో చిక్కు: తేదీ రాసిన కాంట్రాక్టు ముగిసి, దాన్ని పొడిగించకపోతే అది తొలగింపు కిందికి రాదనే మినహాయింపు ఉంది. కాబట్టి సంతకం పెట్టిన ఒప్పందంలో ముగింపు తేదీ ఉందా అన్నది ముందు చూసుకోండి.

వకీలు ఫీజు గురించి భయపడి ఆగిపోయేవాళ్లకు చివరగా ఒక మాట. లేబర్ కోర్టులో అవతలి పక్షం ఒప్పుకుంటే తప్ప వకీలు నిలబడకూడదన్న నియమం పాత చట్టంలో ఉండేది. యూనియన్ నాయకులే కేసులు నడిపే అలవాటు అలా వచ్చింది. మంచి యూనియన్ ఉంటే ఇప్పటికీ అదే మేలు. లేకపోతే జిల్లా కోర్టు ఆవరణలో ఉండే న్యాయసేవాధికార సంస్థకు వెళ్లండి. 1987 నాటి న్యాయసేవల చట్టం 12వ సెక్షన్‌లో మహిళలు, ఎస్సీలు, ఎస్టీలతోపాటు పారిశ్రామిక కార్మికుడు కూడా ఉన్నాడు. వీళ్లెవరికీ ఆదాయ పరిమితి లేదు, వకీలును ఉచితంగా ఇస్తారు. ఫోను నంబరు 15100.